అమెరికా జాజ్ గాయని బిల్లీ హాలిడే మీద సినిమా తీస్తానంటున్న మా మేనకోడలికి

అమ్మలూ,

నీ స్క్రిప్టు చదివాను. చెయ్యి తిరిగిన రాతే, అందులో అనుమానం లేదు. కానీ సగం సినిమా అయ్యేసరికి ఆవిడ సూది గుచ్చుకోవడం చాలాసార్లు చూశాం, పాడటం మాత్రం ఎక్కడో ఒకచోట. ముందు అది మార్చు.

హెరాయిన్, జైలు, కొట్టే మొగుళ్లు, అన్నీ నిజమే, దాచమనను. అయితే ఆ కష్టాలు పడ్డవాళ్లు ఆ రోజుల్లో న్యూయార్క్‌లో బోలెడుమంది ఉన్నారు, వాళ్ల మీద నువ్వు సినిమా తియ్యట్లేదు కదా. సావిత్రి గారి పేరెత్తగానే తాగుడు దగ్గర మొదలుపెట్టేవాళ్లంటే నాకు ఒళ్లు మంట, మాయాబజార్‌లో ఘటోత్కచుడు శశిరేఖ రూపంలోకి మారితే ఎలా ఉంటుందో చేసి చూపించిందే, ముందు దాని గురించి మాట్లాడండ్రా అనిపిస్తుంది. బిల్లీ విషయంలోనూ అంతే. తాళం తన దారిన పోతుంటే ఆవిడ మాట ఒక్క క్షణం వెనకబడి వస్తుంది, పడిపోతుందేమో అనుకునేలోపు సరిగ్గా వచ్చి కూర్చుంటుంది. నీ హీరోయిన్‌కి నెలల తరబడి ఆ ఒక్కటీ నేర్పించు, గొంతు అనుకరించడం తర్వాత సంగతి.

1915లో పుట్టింది దగ్గర్నుంచి 1959లో పోయేదాకా చెప్పాలన్న పట్టుదల వదిలెయ్యి. నన్నడిగితే 1957 డిసెంబర్ ఒక్కటీ చాలు. సీబీఎస్ టీవీ స్టూడియో, లైవ్ ప్రోగ్రాం, ఆవిడ స్టూల్ మీద కూర్చుని బ్లూస్ పాడుతోంది. ఆవిడకి లేడీ డే అని పేరు పెట్టిన లెస్టర్ యంగ్ అప్పటికే ఒంట్లో బాగోక నీరసంగా ఉన్నాడు, తన వంతు రాగానే లేచి సాక్సోఫోన్ మీద కొంచెమే వాయిస్తాడు, ఆవిడ అతన్నే చూస్తూ తల ఊపుతుంది. రెండేళ్లు తిరక్కుండానే ఇద్దరూ లేరు. ఆ వీడియో దొరుకుతుంది, సౌండ్ తీసేసి మొహం మాత్రమే చూడు. దీని మీద డైలాగులు పెట్టాలనిపిస్తే నన్ను తలుచుకుని ఆగిపో.

వెనక కథ కావాలంటే కాబరే కార్డు సంగతి తీసుకో, అప్పట్లో క్లబ్బుల్లో పాడాలంటే ఉండాల్సిన పర్మిట్ అది. 1947లో డ్రగ్స్ కేసులో జైలుకెళ్లి వచ్చాక న్యూయార్క్‌లో మందు అమ్మే క్లబ్బుల్లో పాడటానికి ఆవిడకి ఆ పర్మిట్ లేకుండా పోయింది. విడుదలైన కొద్ది రోజులకే ఆవిడ కచేరీకి కార్నెగీ హాల్ నిండిపోయింది, కానీ ఆ వీధి చివర క్లబ్బులో పాడకూడదు! ఏడుపు సీన్లు పది రాసినా రాని బాధ, కౌంటర్ దగ్గర ఒక గుమస్తా కాగితం వెనక్కి తోస్తే వస్తుంది.

ఎవరి మాట నమ్ముతున్నావో చూసుకో. 1956లో వచ్చిన ఆత్మకథలో పుట్టిన ఊరు దగ్గర్నుంచే తేడాలున్నాయి, ఫిలడెల్ఫియాలో పుట్టిన మనిషి బాల్టిమోర్ అని చెప్పుకుంది. 1972లో బిల్లీ మీద డయానా రాస్‌తో తీసిన సినిమాకి సలహాదారు ఎవరనుకున్నావు, బిల్లీ మొగుడు లూయిస్ మెకే! ఆ సినిమాలో మెకే ఎంత బంగారంలాంటి మనిషిగా కనిపిస్తాడో, ఎందుకు కనిపిస్తాడో వేరే చెప్పాలా.

మనకి ప్లేబ్యాక్ అలవాటు కాబట్టి వేరేవాళ్ల గొంతు పెడదాం అంటావేమో, వద్దు, ఈ కథకి ఊపిరి, పెదవి కలిసి ఉండాలి. సెట్‌లోనే పాడించి అక్కడే రికార్డ్ చెయ్యి, గొంతు జీరబోయినా పర్లేదు, చివరి రికార్డుల్లో ఆవిడదీ అంతే.

ఇంకోటి, పాట హక్కులు వేరు, పాత రికార్డింగ్ హక్కులు వేరు. మీ వాళ్లతో పాడించినా పాట హక్కులున్నవాళ్లని అడగాల్సిందే. షూటింగ్ అయ్యాక అడిగితే వాళ్లు ఎంత చెబితే అంత, కాబట్టి లొకేషన్లు వెతకడం ఆపి ఈ వారమే ఉత్తరాలు పంపించు, జవాబులు వచ్చాక ఏ పాటలు ఉంచాలో ఫోన్లో మాట్లాడుకుందాం.

మామయ్య