గోదాం కెమెరాలు ఇంటి కంప్యూటర్‌లో కనిపించాలంటే

ప్రశ్న: ఏనుమాముల మార్కెట్ దగ్గర మా మిర్చి గోదాంలో ఎన్‌వీఆర్‌తో (కెమెరాల వీడియోను రికార్డు చేసే పెట్టె) పాటు నాలుగు నెట్‌వర్క్ కెమెరాలు పెట్టించాం. ఫోన్ యాప్‌లో బాగానే కనిపిస్తున్నాయి. కంప్యూటర్ బ్రౌజర్‌లో తెరిస్తే ప్లగిన్ అడుగుతోంది. ఇంటి నుంచి పెద్ద తెరపై ప్రత్యక్షంగా చూడడం ఎలా? కెమెరాలు బిగించినాయన రౌటర్‌లో పోర్టు తెరవమంటున్నాడు.
- ఒక పాఠకుడు, హనుమకొండ

జవాబు: ప్లగిన్ కోసం వెతకకండి. అలాంటి పేజీలు చాలావరకు ఇంటర్నెట్ ఎక్స్‌ప్లోరర్ కాలంలో తయారైనవి. ఆ బ్రౌజర్‌కు మైక్రోసాఫ్ట్ 2022 జూన్ 15న స్వస్తి చెప్పింది. దాదాపు అన్ని నెట్‌వర్క్ కెమెరాలూ, ఎన్‌వీఆర్‌లూ 1998లో ప్రమాణంగా వెలువడిన ఆర్‌టీఎస్‌పీ పద్ధతిలో వీడియోను అందిస్తాయి. దీన్ని బ్రౌజర్లు నేరుగా చూపలేవు గానీ ఉచితంగా దొరికే వీఎల్‌సీ ప్లేయర్ చూపగలదు.

ముందు గోదాంలోనే, అక్కడి వైఫైకి కలిపిన ల్యాప్‌టాప్‌లో ప్రయత్నించండి. వీఎల్‌సీలో కంట్రోల్, ఎన్ మీటలు కలిపి నొక్కితే నెట్‌వర్క్ స్ట్రీమ్ చిరునామా అడిగే పెట్టె తెరుచుకుంటుంది. అందులో ఎన్‌వీఆర్ ఐపీ చిరునామా, 554 అనే పోర్టు సంఖ్య, ఆ తర్వాత కంపెనీ నిర్ణయించిన దారి రాయాలి. మీది ఏ కంపెనీదో రాయలేదు. హైక్‌విజన్ అయితే ఆ దారి చివర 401 అని ఉంటే నాలుగో కెమెరా ప్రధాన స్ట్రీమ్ (పూర్తి స్పష్టత ఉన్న వీడియో), 402 అని ఉంటే దాని ఉప స్ట్రీమ్ (తక్కువ డేటాతో వచ్చే చిన్న వీడియో) వస్తాయి. డాహువాలో ఈ వరుస వేరు. పాస్‌వర్డును చిరునామాలోనే ఇరికించేవారికి ఒక చిక్కు ఎదురవుతుంది: ఐపీ చిరునామా @ గుర్తు తర్వాతే మొదలవుతుంది కాబట్టి, పాస్‌వర్డులో కూడా @ ఉంటే ప్లేయర్ తికమకపడుతుంది. అప్పుడు దాని స్థానంలో %40 అని రాయాలి. అసలు పాస్‌వర్డు రాయకుండా వదిలేస్తే వీఎల్‌సీయే అడుగుతుంది. నాకు నచ్చిన పద్ధతి అదే. బొమ్మ ఒక క్షణం ఆలస్యంగా కదలడం లోపం కాదు, వీఎల్‌సీ మామూలుగా 1,000 మిల్లీసెకన్ల వీడియోను ముందే నిల్వ చేసుకుంటుంది.

ఇక ఇంటి నుంచి చూడడం. పోర్టు తెరవమన్న, అంటే బయటి ఇంటర్నెట్ నుంచి ఎన్‌వీఆర్‌కు నేరుగా దారి ఇవ్వమన్న సలహాను మాత్రం పాటించకండి. ఆర్‌టీఎస్‌పీ వీడియో సాధారణంగా గుప్తీకరణ లేకుండానే ప్రయాణిస్తుంది. పైగా 2016లో మిరాయ్ అనే మాల్‌వేర్ ఇలా ఇంటర్నెట్‌కు తెరిచి ఉంచిన కెమెరాల్లోకి, డీవీఆర్‌లలోకి కంపెనీ పెట్టిన పాస్‌వర్డులతోనే చొరబడింది. మరో సంగతి, రౌటర్ వ్యాన్ చిరునామా (ఇంటర్నెట్ వైపు దానికున్న ఐపీ) 100.64 నుంచి 100.127 మధ్య మొదలయ్యేదైతే మీకు బయటి నుంచి నేరుగా చేరుకోగల సొంత పబ్లిక్ ఐపీ లేనట్టే, పోర్టు తెరిచినా ఫలితం ఉండదు. దానికి బదులు గోదాంలో ఎప్పుడూ ఆన్‌లో ఉండే పాత కంప్యూటర్ ఒకదానిలో టెయిల్‌స్కేల్ వంటి వీపీఎన్ (రెండు చోట్ల కంప్యూటర్లను ఇంటర్నెట్ మీదుగా రహస్యంగా కలిపే సాఫ్ట్‌వేర్) పెట్టి, అక్కడి నెట్‌వర్క్‌కు దాన్ని ద్వారంగా అమర్చి, ఇంటి కంప్యూటర్‌ను అదే ఖాతాకు కలిపితే, గోదాంలో వాడిన చిరునామాయే ఇంట్లోనూ పనిచేస్తుంది. ఎన్‌వీఆర్ ఐపీ మారిపోకుండా రౌటర్‌లో రిజర్వ్ చేయించండి.

ప్రధాన స్ట్రీమ్ ఒక్కో కెమెరాకు 4 ఎంబీపీఎస్ చొప్పున పెట్టి ఉంటే నాలుగింటికీ కలిపి గోదాం నుంచి 16 ఎంబీపీఎస్ అప్‌లోడ్ కావాలి. అందుకని నాలుగూ ఒకేసారి చూసేటప్పుడు ఉప స్ట్రీమ్ వాడి, కాటా దగ్గర బస్తాలు లెక్కపెట్టాల్సి వచ్చినప్పుడు ఆ ఒక్క కెమెరాకే ప్రధాన స్ట్రీమ్ తెరవండి.