ఫుట్‌బాల్ రాతలు, డాక్యుమెంటరీలు: మీవాణ్ని ఆపకండి సార్

ఇంటర్ రెండో ఏడాదిలో ఉన్న మీ అబ్బాయి ఇంజనీరింగ్ వద్దు, ఫుట్‌బాల్ మీద రాస్తాను, డాక్యుమెంటరీలు తీస్తాను అంటున్నాడని, అసలు అది తిండి పెట్టే పనేనా అని కరీంనగర్ నుంచి అడిగారు.

పెడుతుంది సార్, కాకపోతే వెంటనే కాదు. మొదటి మూడు నాలుగేళ్లు డబ్బులు పక్క పనుల్లోంచే వస్తాయి, అంటే ఎడిటింగ్, సబ్‌టైటిల్స్, ఏదైనా క్లబ్బుకు చిన్న వీడియోలు. నోవీ కపాడియా పేరు మీవాడు వినే ఉంటాడు. ఢిల్లీ యూనివర్సిటీ కాలేజీలో ఇంగ్లిష్ పాఠాలు చెప్పుకుంటూనే భారత ఫుట్‌బాల్ గురించి జీవితమంతా రాసిన మనిషి, కామెంటరీ చెప్పిన మనిషి. జీతం ఒక చోట, ప్రాణం ఒక చోట పెట్టుకుని బతకొచ్చు, అందులో తప్పేం లేదు.

మీవాణ్ని ఒక్క ప్రశ్న అడగండి, రహీం సాబ్ తెలుసా అని. మెస్సీ గురించి గంటసేపు చెప్పే పిల్లలు చాలామంది ఇక్కడే ఆగిపోతారు, నాకు బాధేస్తుంది. సయ్యద్ అబ్దుల్ రహీం హైదరాబాద్‌లో టీచరు. ఆయన తయారు చేసిన సిటీ పోలీస్ జట్టు 1950 నుంచి 1954 దాకా బొంబాయిలో జరిగే పెద్ద ఫుట్‌బాల్ టోర్నీ రోవర్స్ కప్‌ను వరసగా ఐదుసార్లు గెలిచింది. ఆయన కోచ్‌గా ఉండగానే మన దేశం 1951లో, 1962లో ఆసియా క్రీడల బంగారు పతకాలు తెచ్చింది, 1956 మెల్‌బోర్న్ ఒలింపిక్స్‌లో నాలుగో స్థానంలో నిలిచింది. 1962 జట్టులో ఆడిన తులసీదాస్ బలరాం సికింద్రాబాద్ అమ్ముగూడ కుర్రాడు, 2023లో పోయారు. ఆ తరం వెళ్లిపోతోంది సార్. వాళ్లను చూసినవాళ్లు, వాళ్ల చేతి కింద ఆడినవాళ్లు ఇంకా కొందరున్నారు. వీళ్ల గురించి తెలుగులో చదువుదామంటే నాకు దొరికింది చాలా తక్కువ, మీవాడికి పని ఉన్నది అక్కడే.

నా దగ్గరికి వచ్చిన ఒక కుర్రాడు పాత ఆటగాడొకరి ఇంటర్వ్యూ తీసుకొచ్చి చూపించాడు. ఆ పెద్దాయన ఉత్తికాళ్లతో ఆడిన రోజుల గురించి చెబుతూ కళ్లనీళ్లు పెట్టుకున్నారు, కానీ పైన ఫ్యాన్ మోత, వంటింట్లోంచి కుక్కర్ విజిల్, ఒక్క మాటా సరిగ్గా వినపడలేదు. అందుకే చెబుతున్నా, లక్షలు పోసి కెమెరా కొనకండి. ఉన్న ఫోన్ చాలు, కాలర్‌కి పెట్టే మైకు ఒకటి కొనివ్వండి, ముందు ఫ్యాన్ ఆపడం నేర్చుకోమనండి. ఇంకోటి, టీవీలో వచ్చిన మ్యాచ్ క్లిప్పులు కోసి వాడేసుకుంటే కుదరదు, వాటికి హక్కుదారులుంటారు. ఆటగాళ్ల ఇళ్లలో ఆల్బమ్‌లు ఉంటాయి, అడిగి ఫొటోలు తీసుకోవాలి.

చదువు విషయంలో టెన్షన్ వద్దు. సినిమా తీయడం నేర్పే పుణె ఎఫ్‌టీఐఐ, కోల్‌కతా సత్యజిత్ రే సంస్థ, మన హైదరాబాద్ సెంట్రల్ యూనివర్సిటీలో కమ్యూనికేషన్ పీజీ, వీటిలో ఎక్కువ కోర్సులకు ముందు డిగ్రీ కావాలి. కాబట్టి ఇప్పుడు ఏ డిగ్రీ అయినా చదవనివ్వండి, చరిత్రో ఇంగ్లిషో అయితే ఇంకా మంచిది.

ఈ వేసవి సెలవుల్లో వాణ్ని ఒక వారం సికింద్రాబాద్ పంపండి. ఒక్క పాత ఆటగాడితో గంటసేపు మాట్లాడి, ఆ గంటనీ మాట పోకుండా తెలుగులో టైప్ చేయమనండి. నాలుగైదు గంటలు పడుతుంది, నడుం నొప్పి పుడుతుంది. చివరిదాకా కూర్చుని పూర్తి చేస్తే ఆ కాగితాలు నాకు పంపండి, తర్వాత ఏం చేయాలో వాడితోనే మాట్లాడతాను.