ఓటీపీ మీరే పంపారు, హ్యాకింగ్ అని ఎలా రాస్తారు?

ప్రశ్న (ఉత్తరం సంక్షిప్తంగా): మాది గాజువాక. ఇంజినీరింగ్ ఈ ఏడాదే అయిపోయింది. ఫస్టియర్‌లో కాలేజీ మెయిల్ ఐడీతో ఒక ఆన్‌లైన్ గేమ్‌లో అకౌంట్ తెరిచాను. నాలుగేళ్లలో దాని మీద 61 వేల దాకా ఖర్చయింది, ఎక్కువ భాగం అమ్మ బ్యాంకు ఖాతా నుంచే. చదువు అయిపోయాక కాలేజీ మెయిళ్లు తీసేస్తామన్నారు. నా జీమెయిల్ పెడదామంటే, దానితో ఆ గేమ్‌లో ఇంకో అకౌంట్ ఉందని తీసుకోలేదు. అనకాపల్లిలో ఉండే మా పెద్దమ్మ కొడుకు, ప్రస్తుతానికి తన మెయిల్ పెట్టమన్నాడు. కాలేజీ మెయిల్‌కి వచ్చిన ఓటీపీ నేనే వాట్సాప్‌లో పంపాను. 'నువ్వు కొత్త మెయిల్ చేసుకున్నాక మార్చేద్దాంలే' అని వాయిస్ మెసేజ్ కూడా పెట్టాడు. ఐదు నెలలైంది. పాస్‌వర్డ్ మార్చేశాడు, అడిగితే మాట దాటేస్తున్నాడు. టెలిగ్రామ్ గ్రూపులో 30 వేలకు అమ్మకానికి పెట్టాడని ఫ్రెండ్ చెప్పాడు. సొంత అన్నలా చూశాను, తిండి సహించడం లేదు. హ్యాకింగ్ కేసు పెట్టవచ్చా? అన్నయ్య జీమెయిల్ పాస్‌వర్డ్ నాకు తెలుసు. అందులోకి వెళ్లి నేనే మెయిల్ మార్చేసుకుంటే తప్పవుతుందా?
ఓ పాఠకుడు, విశాఖపట్నం

జవాబు: మీ ఉత్తరంలో ఎక్కువ భాగం అన్నయ్యతో మీ అనుబంధం గురించే ఉంది. దానిలోకి నేను వెళ్లను. మీ కేసును తేల్చేది మధ్యలో మీరు మామూలుగా రాసేసిన ఒక్క మాట: ఓటీపీ మీరే పంపారు.

హ్యాకింగ్ కేసులు పెట్టే ఐటీ చట్టం, 2000లో సెక్షన్ 43 మొదలయ్యేదే 'అనుమతి లేకుండా' అనే షరతుతో. కంప్యూటర్ యజమాని గానీ, దాని బాధ్యత చూస్తున్న వ్యక్తి గానీ ఒప్పుకోకుండా లోపలికి వెళ్తేనే ఆ సెక్షన్ వర్తిస్తుంది. అదే పనిని దురుద్దేశంతో చేస్తే సెక్షన్ 66 కింద నేరం, మూడేళ్ల వరకు జైలు లేదా 5 లక్షల వరకు జరిమానా లేదా రెండూ. మీ అన్నయ్య మెయిల్ మార్చిన క్షణంలో మీ అనుమతి ఉంది. అనుమతే కాదు, మీ సాయమూ ఉంది. బండి తాళం మీ చేత్తో ఇచ్చి, తిరిగివ్వకపోతే ఇంటి తాళం పగలగొట్టాడని ఫిర్యాదు రాస్తే ఎలా నిలబడదో, ఇదీ అలాగే నిలబడదు.

అలాగని మీకు దారి లేదని కాదు. మీరిచ్చిన అనుమతికి ఒక హద్దు ఉంది: కొంతకాలానికి, ఒక అవసరానికి, తిరిగి మార్చేస్తానన్న మాట మీద. ఆ హద్దును రుజువు చేయగలిగితే కేసు మీది. చేయలేకపోతే, అభిమానంతో తమ్ముడే ఇచ్చేశాడని అతను ఒక్క మాట అంటే అక్కడితో ఆగిపోతుంది. కాబట్టి మీ చేతిలో ఉన్న అసలు సాక్ష్యం 61 వేల లెక్క కాదు, చిన్నప్పటి ఫోటోలు కాదు. 'మార్చేద్దాంలే' అన్న ఆ వాయిస్ మెసేజ్. ఓటీపీ పంపిన సమయానికి, ఆ వాయిస్ వచ్చిన సమయానికి మధ్య నిమిషాల తేడానే ఉంటే అంతకన్నా బలమైనది మరొకటి దొరకదు.

మరి దాన్ని మీరు ఎలా కాపాడుకుంటున్నారు? ఉత్తరంతో పంపింది ఆ చాట్ స్క్రీన్‌షాట్ ఒక్కటే. వాయిస్ ఫైల్ ఎక్కడుంది, ఏ ఫోన్లో ఉంది, ఆ చాట్‌లో మెసేజ్‌లు వాటంతట అవే పోయే సెట్టింగ్ ఆన్‌లో ఉందా, ఒక్క ముక్క రాయలేదు. 61 వేలు పోసి పెంచుకున్న అకౌంట్ కోసం ఒక కొత్త మెయిల్ ఐడీ తెరవడానికి ఐదు నెలలు పట్టిందా? ఆ పని పది నిమిషాలది. ఇంత నిర్లక్ష్యం చేసి, ఇప్పుడు రాత్రికి రాత్రి తేలిపోవాలంటే కుదరదు. కఠినంగా అంటున్నానని అనుకోకండి. మీకు ఇంకా కొద్ది రోజులే మిగిలాయి కాబట్టి అంటున్నాను.

ఎందుకు కొద్ది రోజులో చెబుతాను. కాగితం మీద కాలపరిమితి మీకు ధారాళంగానే ఉంది. సివిల్ దావాకు లిమిటేషన్ చట్టం కింద సాధారణంగా మూడేళ్లు. మూడేళ్ల వరకు శిక్ష పడే నేరాలను కోర్టు విచారణకు తీసుకోవడానికి భారతీయ నాగరిక్ సురక్షా సంహిత సెక్షన్ 514 ప్రకారం కూడా మూడేళ్లు. ఈ మాట విని చాలామంది తీరిగ్గా కూర్చుంటారు. కానీ ఏ రోజు, ఏ సమయానికి, ఏ ఐపీ అడ్రస్ నుంచి మెయిల్ మారింది, తర్వాత పాస్‌వర్డ్ ఎప్పుడు మారింది అని చెప్పే లాగ్‌లు కంపెనీ సర్వర్లలో ఉంటాయి. 2022 ఏప్రిల్ 28న కేంద్ర ప్రభుత్వ సైబర్ భద్రతా సంస్థ సెర్ట్-ఇన్ ఇచ్చిన ఆదేశాల ప్రకారం ఈ లాగ్‌లను 180 రోజులు దాచాలి. ఆ తర్వాత కూడా ఉంచాలని ఆ ఆదేశాల్లో లేదు. మీకు ఐదు నెలలు గడిచిపోయాయి. చట్టం మూడేళ్లిచ్చినా సాక్ష్యం ఆరు నెలలకే చెరిగిపోవచ్చు. లెక్క పెట్టుకోవలసింది రెండో గడువును.

ఇంకో గడువు మీ కాలేజీలో ఉంది. మెయిల్ మారినప్పుడు కంపెనీలు సాధారణంగా పాత మెయిల్‌కి కూడా ఒక నోటీసు పంపుతాయి. ఓటీపీ మెయిల్ ఎలాగూ అక్కడే ఉంది. ఆ మెయిల్‌బాక్స్ ఇంకా తెరుచుకుంటుంటే, ఈ రోజే అందులోని గేమ్ మెయిళ్లన్నీ అసలు రూపంలో డౌన్‌లోడ్ చేసుకోండి. మరో మెయిల్‌కి ఫార్వర్డ్ చేసి ఊరుకోవద్దు. ఫార్వర్డ్ చేసినదాంట్లో అసలు మెయిల్ ఎక్కడి నుంచి, ఎప్పుడు, ఏ సర్వర్ల మీదుగా వచ్చిందో చెప్పే హెడర్ ఉండదు. ఇప్పటికే తీసేసి ఉంటే కాలేజీ సిస్టమ్ అడ్మిన్‌కి, ప్రిన్సిపాల్‌కి రాతపూర్వకంగా అర్జీ పెట్టండి. చాలా కాలేజీల మెయిళ్లు గూగుల్ వర్క్‌స్పేస్‌లో నడుస్తాయి. అక్కడ తొలగించిన యూజర్‌ను అడ్మిన్ 20 రోజుల లోపే తిరిగి తీసుకురాగలరు. అర్జీ ఇచ్చి, మీ దగ్గరుండే కాపీ మీద స్టాంపు వేయించుకోండి. నోటిమాటగా అడిగితే అడగనట్టే.

ఫోన్ విషయం. ఆ వాట్సాప్ ఉన్న ఫోన్‌ను అమ్మొద్దు, ఎక్స్‌ఛేంజ్‌లో ఇవ్వొద్దు, రీసెట్ చేయొద్దు. వాయిస్ ఫైల్‌తో సహా మొత్తం చాట్ ఎక్స్‌పోర్ట్ చేసి పెన్‌డ్రైవ్‌లో పెట్టండి. మీకు ఇబ్బంది కలిగించే మాటలున్నా చాట్‌లో ఏదీ డిలీట్ చేయొద్దు. భారతీయ సాక్ష్య అధినియమ్, 2023లో సెక్షన్ 63 కింద ఇలాంటి ఎలక్ట్రానిక్ రికార్డు కాపీని కోర్టు చూడాలంటే సర్టిఫికెట్ జత చేయాలి. అందులో ఒక భాగం ఆ పరికరం ఎవరి చేతిలో ఉందో వారు, అంటే మీరు, సంతకం చేయాలి. రెండో భాగం నిపుణుడు సంతకం చేయాలి. ఫైల్ మారలేదని చూపే హ్యాష్ విలువ కూడా రాయాలి. పాత సాక్ష్య చట్టంలో ఇలాంటిదే అయిన 65బీ సర్టిఫికెట్ తప్పనిసరి అని 2020లో అర్జున్ పండిత్‌రావ్ కేసులో సుప్రీంకోర్టు తేల్చింది. ఉత్త స్క్రీన్‌షాట్ ప్రింటు తీసుకుని కోర్టుకు వచ్చేవాళ్లు ఇప్పటికీ ఉన్నారు. మీరు ఆ జాబితాలో చేరకండి.

ఇక మీ రెండో ప్రశ్న. అన్నయ్య జీమెయిల్ పాస్‌వర్డ్ మీకు తెలుసు, లోపలికెళ్లి మార్చేసుకోవచ్చా? వద్దు. ఏ పరిస్థితిలోనూ వద్దు. అతని మీద పెట్టలేమని ఇందాక చెప్పిన హ్యాకింగ్ కేసు, మీ మీద చక్కగా నిలబడుతుంది. మీకు అతని జీమెయిల్ వాడే అనుమతి లేదు. ఎప్పుడో మీ ల్యాప్‌టాప్‌లో లాగిన్ అయినప్పుడు పాస్‌వర్డ్ చూసి ఉండటం అనుమతి కాదు. వేరొకరి పాస్‌వర్డ్‌ను దురుద్దేశంతో వాడితే సెక్షన్ 66సీ కింద మూడేళ్ల వరకు జైలు, లక్ష వరకు జరిమానా. పైగా కొత్త డివైస్ నుంచి లాగిన్ అయిన మరుక్షణం గూగుల్ అతనికి సమయంతో, డివైస్ పేరుతో అలర్ట్ పంపుతుంది. ఐదు నెలలుగా మీ దగ్గర లేని పక్కా సాక్ష్యం ఐదు నిమిషాల్లో అతని చేతికి వస్తుంది. నా వస్తువే కదా నేను తీసుకున్నాను అంటే, అది గేమ్ గురించి వాదన. అతని మెయిల్‌బాక్స్ మీ వస్తువు కాదు. ఋషికొండ కంపెనీలో ఆఫర్ లెటర్ వచ్చిందని మీరే రాశారు. చేరేముందు బ్యాక్‌గ్రౌండ్ వెరిఫికేషన్ ఉంటుంది. ఆ సమయంలో సైబర్ నేరంలో నిందితుడిగా మీ పేరు ఎఫ్ఐఆర్‌లో ఉంటే, ఆ ఉద్యోగం గురించి నేను వేరే చెప్పక్కర్లేదు.

'హ్యాక్ చేశారు' అని ఒక మాట కలిపి ఫిర్యాదు రాస్తే పోలీసులు త్వరగా కదులుతారని ఎవరైనా సలహా ఇవ్వవచ్చు. అదీ వద్దు. తెలిసి తప్పుడు సమాచారంతో ప్రభుత్వోద్యోగిని ఇంకొకరి మీదికి కదిలిస్తే భారతీయ న్యాయ సంహిత సెక్షన్ 217 కింద ఏడాది వరకు శిక్ష ఉంది. ఓటీపీ పంపిన మెసేజ్ అతని ఫోన్లోనూ ఉంటుందని మరిచిపోకండి.

ఇప్పుడు చేయవలసింది. మొదట గేమ్ కంపెనీ. సపోర్ట్ చాట్‌లో గొడవపడటం కాదు, గ్రీవెన్స్ ఆఫీసర్‌కు మెయిల్ రాయండి. 2021 ఐటీ నియమాల కిందికి వచ్చే సంస్థ అయితే ఫిర్యాదు అందినట్టు 24 గంటల్లో చెప్పాలి. తేల్చకపోయినా, తేల్చింది నచ్చకపోయినా 30 రోజుల్లో గ్రీవెన్స్ అప్పిలేట్ కమిటీకి ఆన్‌లైన్‌లో అప్పీలు చేసుకోవచ్చు. మెయిల్‌లో అకౌంట్ తిరిగివ్వండి అని మొదలుపెట్టకండి. రెండు అడగండి: లాగ్‌లు చెరిపేయకుండా భద్రపరచమని, విషయం తేలేదాకా అకౌంట్‌ను ఎవరూ బదిలీ చేయకుండా నిలిపివేయమని. ప్లేయర్ ఐడీ, మొదట నమోదు చేసిన కాలేజీ మెయిల్, మొదట ఆడిన ఫోన్ మోడల్ రాయండి. అన్నిటికన్నా ముఖ్యం మొట్టమొదటి కొనుగోలు ఆర్డర్ నంబర్. గూగుల్ ప్లే ద్వారా కొని ఉంటే మీ జీమెయిల్‌కు వచ్చిన రసీదులో జీపీఏ అనే అక్షరాలతో మొదలయ్యే నంబర్ ఉంటుంది. అదే తేదీకి, అదే మొత్తానికి అమ్మగారి బ్యాంకు స్టేట్‌మెంట్‌లో డెబిట్ ఉంటుంది. ఆ రెండూ పక్కపక్కన పెడితే అకౌంట్ ఎవరి డబ్బుతో పెరిగిందో మాట్లాడక్కర్లేదు. అన్నయ్య దగ్గర ఈ రెండూ ఉండే అవకాశం లేదు.

అమ్మకానికి పెట్టిన పోస్టు గురించి ఫ్రెండ్ చెప్పాడని రాశారు. విన్నది సాక్ష్యం కాదు. చూసిన ఫ్రెండ్ ఫోన్ నుంచి గ్రూపు పేరు, పోస్టు పెట్టిన ఐడీ, తేదీ, సమయం కనిపించేలా తీయించి, అతను సాక్ష్యానికి వస్తాడో లేదో అడగండి. స్టీమ్, సూపర్‌సెల్ లాంటి సంస్థల షరతుల్లో అకౌంట్ అమ్మకూడదని స్పష్టంగా ఉంటుంది. మీ గేమ్ షరతుల్లోనూ ఆ మాట వెతకండి. దొరికితే అకౌంట్ నిలిపివేయమనడానికి అదే పెద్ద కారణం. అయితే ఒక నష్టం ముందే తెలుసుకోండి. అకౌంట్ నిజానికి కంపెనీది, మనకిచ్చేది వాడుకునే లైసెన్సే. ఓటీపీ ఇంకొకరికి ఇవ్వడం కూడా షరతుల ఉల్లంఘనే అని వాళ్లు అకౌంట్ మొత్తానికే మూసేయవచ్చు. అయినా నిజమే రాయండి.

కంపెనీకి రాసిన రోజే అన్నయ్యకు లాయర్ నోటీసు స్పీడ్ పోస్టులో వెళ్లాలి. ఫలానా తేదీన, ఫలానా అవసరానికి, తిరిగి మార్చే షరతు మీద మెయిల్ పెట్టనిచ్చాను, ఏడు రోజుల్లో నా కొత్త మెయిల్‌కు మార్చండి, ఈలోగా అమ్మవద్దు, అంతే. తిట్లు, బంధుత్వం ప్రస్తావన అక్కర్లేదు. జవాబులో 'ఇస్తాను గానీ' అన్నా చాలు, అకౌంట్ మీదేనని ఒప్పుకున్నట్టే.

దానికీ లొంగకపోతే నా సలహా ముందుగా లోక్ అదాలత్. విశాఖ జిల్లా కోర్టు ప్రాంగణంలో జిల్లా న్యాయసేవాధికార సంస్థ ఉంది. దావా వేయకముందే అక్కడ దరఖాస్తు ఇవ్వవచ్చు, కోర్టు ఫీజు ఉండదు. ఇద్దరినీ పిలిపిస్తారు. అక్కడ రాజీ కుదిరితే ఆ అవార్డు కోర్టు డిక్రీతో సమానం, దాని మీద అప్పీలు లేదు. పెదనాన్న, పెద్దమ్మ పక్కన కూర్చునే చోట ఈ వ్యవహారం తేలడానికి ఎక్కువ అవకాశం ఉందని నా నమ్మకం. కుదరకపోతే గాజువాక కోర్టులో మెయిల్ తిరిగి మార్చమని ఆదేశించేలా, స్పెసిఫిక్ రిలీఫ్ చట్టం సెక్షన్ 39 కింద మాండేటరీ ఇంజంక్షన్ కోరుతూ దావా. ఓటీపీ పంపింది గాజువాక నుంచే కాబట్టి అనకాపల్లి దాకా వెళ్లక్కర్లేదని వాదించవచ్చు. అమ్మకుండా మధ్యంతర ఉత్తర్వు కూడా అడగాలి. 61 వేలు వసూలు చేస్తామని మాత్రం ఎవరైనా చెబితే నమ్మొద్దు. ఆ డబ్బు వెళ్లింది కంపెనీకి, మీ అన్నయ్యకు కాదు.

క్రిమినల్ దారి పూర్తిగా మూసుకుపోలేదు. మోసం కింద భారతీయ న్యాయ సంహిత సెక్షన్ 318 నిలబడాలంటే, మెయిల్ పెట్టించుకున్న రోజునే ఎగ్గొట్టే ఉద్దేశం ఉందని చూపాలి. తర్వాత బుద్ధి మారితే అది మోసం కాదని సుప్రీంకోర్టు ఎన్నోసార్లు చెప్పింది. మెయిల్ మారిన వారం లోపే అమ్మకానికి పెట్టాడని ఆ పోస్టు తేదీ చూపితే మాత్రం కథ మారుతుంది. అప్పుడు విశాఖ సైబర్ క్రైమ్ పోలీసుల దగ్గరికో, జాతీయ సైబర్ క్రైమ్ పోర్టల్‌కో, ఓటీపీ సంగతి దాచకుండా వెళ్లండి. ఐటీ చట్టం సెక్షన్లు పెడితే ఇన్‌స్పెక్టర్ స్థాయికి తగ్గని అధికారే దర్యాప్తు చేయాలి.

ఇదంతా మీది డబ్బు పందెం కాసే గేమ్ కాదని అనుకుని రాశాను. అలాంటిదైతే రాష్ట్రంలో 2020 నుంచే నిషేధం ఉంది, 2025లో కేంద్ర చట్టం కూడా వచ్చింది. ఆ వివరం ముందు మీ లాయర్‌కు చెప్పండి.

చివరగా, ఈ ఉత్తరం రాశాక ఆవేశంలో ఆ జీమెయిల్ ఇప్పటికే తెరిచి ఉంటే, అందులో ఇంకేమీ ముట్టుకోకండి, వచ్చిన అలర్ట్‌లను డిలీట్ చేయకండి. వెంటనే లాగౌట్ అయి, ఏ రోజు ఏ సమయానికి తెరిచారో కాగితం మీద రాసుకుని, కంపెనీకి గానీ పోలీసులకు గానీ ఏదైనా పంపేముందు ఆ కాగితంతో లాయర్‌ను కలవండి.