బ్యాంకు అటాచ్‌మెంట్ చూసి లాయరవుతానంటున్నాడు

ప్రశ్న: చెన్నై విల్లివాక్కంలో మాకు హార్డ్‌వేర్ షాపు ఉంది. జీఎస్టీ బకాయి అంటూ మా కరెంట్ అకౌంటు అటాచ్ చేశారు. నోటీసు వచ్చిన సంగతే మాకు తెలియదు. హైకోర్టులో రిట్ వేశాక అకౌంటు తెరుచుకుంది. అదంతా దగ్గరుండి చూసిన మా అబ్బాయి ఇప్పుడు సీఏ మానేసి లా చదువుతానంటున్నాడు. బీకాం ఆఖరి ఏడాది, సీఏ ఇంటర్‌లో ఒక గ్రూపు అయింది. ఒప్పుకోమంటారా?

జవాబు: ఒప్పుకోండమ్మా. కాకపోతే మీవాడు చూసింది ఆఖరి రోజు కోర్టు హాలు. దానికి ముందు ఆ లాయరు చేసిందంతా తేదీలు లెక్కపెట్టే పని. అది మీవాడికి పడుతుందో లేదో ముందు చూసుకోవాలి.

ఇలాంటి ఫైలు రాగానే జీఎస్టీ పోర్టల్ తెరిచి డీఆర్‌సీ-01 షోకాజ్ నోటీసు, డీఆర్‌సీ-07 ఆర్డరు ఏ రోజు అప్‌లోడ్ అయ్యాయో రాసుకోవాలి. ‘అడిషనల్ నోటీసెస్ అండ్ ఆర్డర్స్’ ట్యాబ్‌లో పడి ఎవరి కంటా పడకుండా పోయిన నోటీసులు కోకొల్లలు. ఆ తర్వాత తప్పెక్కడ జరిగిందో వెతకాలి. వ్యతిరేకంగా ఆర్డరు వేయబోతుంటే వ్యాపారి అడగకపోయినా హియరింగ్ ఇవ్వాలని జీఎస్టీ చట్టం సెక్షన్ 75(4) చెబుతుంది. నోటీసులో లేని మొత్తం గానీ, లేని కారణం గానీ ఆర్డరులోకి రాకూడదన్నది 75(7). ఆర్డరు అందాక మామూలుగా 3 నెలలు ఆగి గానీ వసూలుకు దిగకూడదన్నది 78.

అప్పీలుకు సెక్షన్ 107 కింద 3 నెలలు, సరైన కారణం చూపితే ఇంకో నెల. ఒప్పుకున్న పన్ను పూర్తిగా, వివాదంలో ఉన్నదాంట్లో 10 శాతం కట్టాలి. వివాదం 8 లక్షలైతే 80,000 అన్నమాట. అది కట్టి అప్పీలు వేస్తే మిగతా వసూలు దానంతటదే ఆగుతుంది, ఎవరినీ బతిమాలక్కర్లేదు. చాలామందికి ఇదే చవకైన దారి. హైకోర్టు మోజులో దీన్ని వదులుకునేవాళ్లే ఎక్కువ.

రిట్ సంగతి వేరు. రాజ్యాంగం ఆర్టికల్ 226 కింద దొరికే ఊరట కోర్టు విచక్షణ. అప్పీలు దారి ఉండగా ఇక్కడికెందుకొచ్చారని ముందే అడుగుతారు. హియరింగే ఇవ్వలేదనో, ఆ అధికారికి పరిధే లేదనో కాగితాలతో చూపాలి. అప్పీలు గడువు పూర్తిగా దాటాక రిట్‌తో దొడ్డిదారిన రావడానికి సుప్రీంకోర్టు 2020లో గ్లాక్సో కేసులో అడ్డుకట్ట వేసింది. అది మన కాకినాడ ఆఫీసు వ్యాట్ వివాదం మీద నడిచిన కేసే, మీవాణ్ణి ముందు ఆ తీర్పు చదవమనండి.

నోటీసు తెలియక ఎక్స్‌పార్టీ అయిన, అంటే వ్యాపారి వాదన లేకుండానే ఆర్డరు పడిన కేసుల్లో మద్రాసు హైకోర్టు తరచూ వివాదపు పన్నులో 10 శాతమో 25 శాతమో కట్టమని షరతు పెట్టి, ఆర్డరు కొట్టేసి, మళ్లీ వినమని అధికారికే పంపుతుంది. చెప్పిన వారాల్లోపు కట్టకపోతే ఆ ఊరట పోయినట్టే. కట్టినా, కోర్టు ఆర్డరు కాపీ అధికారికి చేరి, ఆయన బ్యాంకుకు లెటరు రాసేదాకా అకౌంటులో రూపాయి కదలదు. ఈ తిరుగుడంతా జూనియర్ల పనే.

ఇక చదువు. మూడేళ్ల ఎల్ఎల్‌బీకి జనరల్ కేటగిరీలో డిగ్రీలో 45 శాతం ఉండాలి. తమిళనాడులో సీటు డిగ్రీ మార్కుల మీదే ఇస్తారు. లా కరస్పాండెన్స్‌లో చదివితే బార్ కౌన్సిల్ ఒప్పుకోదు. చదువయ్యాక బార్ కౌన్సిల్లో ఎన్‌రోల్ అవ్వాలి, లాయర్లకు పెట్టే ఏఐబీఈ పరీక్షా పాసవ్వాలి. బెంగళూరు నేషనల్ లా స్కూల్ (ఎన్ఎల్ఎస్ఐయూ)లోనూ మూడేళ్ల కోర్సుంది, దానికి ఎంట్రన్స్ వేరు.

సీఏ ఇప్పుడే వదలొద్దు. ఇంటర్ రెండో గ్రూపు కూడా రాసేశాక, ఆర్టికల్‌షిప్‌లో, అంటే సీఏ దగ్గర చేసే శిక్షణలో చేరేముందు తేల్చుకోమనండి. ఆ రెండేళ్ల ఫుల్‌టైమ్ పని, లా కాలేజీ అటెండెన్సు ఒకేసారి కుదరవు. సీఏ అయితే జీఎస్టీ అధికారి ముందూ, ట్రిబ్యునల్లోనూ వాదించొచ్చు. హైకోర్టులో రిట్ వాదించడానికి మాత్రం అడ్వకేట్ అయ్యుండాలి. రెండు ప్రాక్టీసులూ ఒకేసారి పెట్టుకోవడానికి నిబంధనలు ఒప్పుకోవు.

మొదటి రెండు మూడేళ్లు చేతికొచ్చేది తక్కువ, ఇంటి నుంచి మీరే చూసుకోవాల్సి రావచ్చు. తమిళం చదవడం రాకపోతే ఇప్పుడే మొదలుపెట్టమనండి. ఈలోగా మీ షాపు ఫైలే అతనికిచ్చి, నోటీసు నుంచి రిట్ ఆర్డరు దాకా తేదీల పట్టిక ఒక పేజీలో రాయమనండి. పూట గడిచినా విసుగు పుట్టకపోతే అప్లికేషన్ వేయించండి.