చాంపియన్ అయ్యాక హార్ట్‌గోల్డ్‌లో ఏది ముందు, ఏది తరువాత?

మీ ప్రశ్న నాకు అర్థమైనంతవరకు ఇది: పోకెమాన్ హార్ట్‌గోల్డ్ వీడియో గేమ్‌లో పోకెమాన్ లీగ్ చివరి ప్రత్యర్థి లాన్స్‌ను ఓడించి చాంపియన్ అయ్యారు, ఓడెక్కి ఆటలో రెండో ప్రాంతమైన కాంటోలో దిగారు, జిమ్ నాయకులను గెలిస్తే వచ్చే బ్యాడ్జీలు రెండు తెచ్చుకున్నారు. ఆ తరువాత ఎటు వెళ్లాలో తెలియక, జట్టు 50వ లెవెల్ దగ్గర ఆగిపోయి, ఆట మీద ఆసక్తి సన్నగిల్లింది. ప్రధాన కథ ముగిశాక మిగిలే ఈ పోస్ట్‌గేమ్‌లో ఏది ముందు చేయాలి, ఏది వదిలేసినా నష్టం లేదు అని అడుగుతున్నారు. సరిగ్గా ఇదే చోట నేనూ ఒకసారి ఆటను పక్కన పెట్టేసి, కొన్ని నెలల తరువాత మళ్లీ తెరిచాను. రెండోసారి ఆడినప్పుడు ఏం మార్చుకున్నానో రాస్తాను.

మొదటిసారి నేను చేసిన పొరపాటు, కథ మొదలైన జోటో ప్రాంతాన్ని ఆడినట్టే కాంటోను ఆడటం. జోటోలో కథ మనల్ని చెయ్యి పట్టుకుని ఒక ఊరి నుంచి మరో ఊరికి తీసుకువెళుతుంది, దారిలో ఎదురయ్యే శిక్షకులతో పోరాడుతూ ఉంటే జట్టు లెవెల్ దానంతట అదే పెరుగుతుంది. కాంటోలో ఆ పద్ధతి పనిచేయదు. ఇక్కడి గడ్డిలో దొరికే అడవి పోకెమాన్‌లు చాలా చోట్ల 30వ లెవెల్ కూడా దాటవు; జిమ్ నాయకుల బలమైన పోకెమాన్‌లు మాత్రం 50కీ 60కీ మధ్య ఉంటాయి; అన్నింటికీ చివర మౌంట్ సిల్వర్ శిఖరం మీద నిలబడి ఉండే ఆఖరి ప్రత్యర్థి రెడ్ దగ్గర 88వ లెవెల్ పికాచు ఉంటుంది. మీ పాత జట్టుకు ఈ గడ్డిలో పోరాడి వచ్చే అనుభవం దాదాపు లెక్కలోకి రాదు, అందుకే నడుస్తున్నంతసేపూ ఎక్కడికీ కదలనట్టు అనిపిస్తుంది. అది మీ ఆటతీరులో లోపం కాదు, ఆట ఆ విధంగా కట్టబడింది.

అయితే ఆ తక్కువ లెవెల్ గడ్డి కొత్త పోకెమాన్‌లకు మాత్రం సరిగ్గా సరిపోతుంది. రెండోసారి నేను జట్టులో ముగ్గురు పాతవాళ్లనే ఉంచుకున్నాను: టైఫ్లోజన్, ఆంఫరోస్, గయారడోస్. మిగిలిన మూడు చోట్లూ ఖాళీ చేసి, కాంటోలో దొరికినవాటితోనే నింపాలని నియమం పెట్టుకున్నాను. ఎర్ర గయారడోస్ దగ్గర దొరికిన రెడ్ స్కేల్‌ను మిస్టర్ పోకెమాన్‌కు ఇచ్చి తెచ్చుకున్న ఎక్స్‌ప్ షేర్ (తాను పోరాడకపోయినా, పట్టుకున్న పోకెమాన్‌కు అనుభవంలో వాటా ఇచ్చే వస్తువు) అప్పటిదాకా సంచిలో ఊరికే పడి ఉంది, దానిని కొత్తవాళ్లకు వంతులవారీగా తగిలించాను. జిమ్‌లలో పాతవాళ్లు పోరాడారు, దారుల్లో కొత్తవాళ్లు పెరిగారు. ఈ ఒక్క మార్పుతో, అంతకుముందు విసుగు పుట్టించిన దారులన్నీ నాకు పనికొచ్చే దారులయ్యాయి.

ఇక మీరు ఆగిపోయిన చోటు గురించి. వెర్మిలియన్‌లో లెఫ్టినెంట్ సర్జ్‌నూ, సాఫ్రన్‌లో సబ్రీనానూ ఓడించాక ఎటు వెళ్లాలో ఆట గట్టిగా చెప్పదు. వెర్మిలియన్ పక్కనే దారికి అడ్డంగా స్నోర్లాక్స్ అనే పోకెమాన్ నిద్రపోతూ ఉంటుంది, చాలామంది దాన్ని చూసి వెనక్కి తిరుగుతారు. దాన్ని లేపే దారి పవర్ ప్లాంట్ నుంచి మొదలవుతుంది. అక్కడి యంత్ర భాగం ఒకటి దొంగతనానికి గురై విద్యుత్తు ఆగిపోయి ఉంటుంది, సాఫ్రన్‌లో మాగ్నెట్ ట్రైన్ నడవకపోవడానికి కారణం అదే. పవర్ ప్లాంట్‌లో మాట్లాడాక సెరులియన్ జిమ్‌కు వెళితే టీమ్ రాకెట్ అనే దొంగల ముఠా సభ్యుడు ఒకడు మిమ్మల్ని గుద్దుకుని పారిపోతాడు. ఊరికి ఉత్తరాన ఉన్న వంతెన వైపు వెళ్లి అతన్ని ఓడిస్తే, ఆ భాగాన్ని జిమ్ నీళ్లలోనే దాచానని ఒప్పుకుంటాడు. దాన్ని తెచ్చి ఇచ్చాక విద్యుత్తు వస్తుంది, లావెండర్ రేడియో టవర్‌లో రేడియో, ఫోన్ ఉన్న మీ పోకెగేర్ పరికరానికి కొత్త కార్డు ఇస్తారు, ఆ కార్డుతో పోకె ఫ్లూట్ పాట వినిపించే స్టేషన్ పట్టుకుని స్నోర్లాక్స్ ముందు నిలబడితే అది లేస్తుంది.

దయచేసి దాన్ని ఓడించి పంపేయకండి. ముందు ఆట సేవ్ చేసుకుని, పట్టుకోండి. అది 50వ లెవెల్‌లో వస్తుంది, అంటే మీ జట్టులోకి వచ్చిన మొదటి రోజు నుంచే పాతవాళ్లతో సమానంగా నిలబడగలదు. పోస్ట్‌గేమ్ మొత్తంలో మనకు ఇంత సులువుగా దొరికే బలమైన తోడు మరొకటి లేదని నా అభిప్రాయం. మొదటిసారి నేను దాన్ని కేవలం అడ్డుగా భావించి రెండు నిమిషాల్లో పడగొట్టేశాను, ఆ తరువాత చాలా రోజులు బాధపడ్డాను.

స్నోర్లాక్స్ లేచాక డిగ్లెట్ గుహ తెరుచుకుంటుంది, దాని గుండా ప్యూటర్ చేరతారు. అక్కడి నుంచి మిగిలిన జిమ్‌ల క్రమం మీ ఇష్టం. మిస్టీ జిమ్‌లో కనిపించకపోతే కంగారు పడకండి, రూట్ 25 చివర సముద్రపు ఒడ్డున ఉంటుంది, అక్కడ మాట్లాడితే వెనక్కి వస్తుంది. బ్లెయిన్ కోసం సినబార్ వెళితే జిమ్ ఉండదు, ఊరే ఉండదు. అగ్నిపర్వతం పేలి ఒక్క పోకెమాన్ సెంటర్ మిగిలింది, అతను సీఫోమ్ దీవుల గుహలో జిమ్ నడుపుతున్నాడు. సినబార్‌లో మాత్రం తప్పక దిగండి, ఎందుకంటే విరిడియన్ జిమ్ నాయకుడు బ్లూ అక్కడే నిలబడి ఉంటాడు, అతనితో మాట్లాడితేనే తన జిమ్‌కు తిరిగి వస్తాడు.

ఇక్కడ ఒక మాట చెప్పాలి. కాంటోను బ్యాడ్జీల కోసం మాత్రమే తిరిగితే అది చిన్నదిగానే కనిపిస్తుంది. కానీ కాంటోలోనే సాగిన మొదటి తరం ఆటలు ఆడినవారికి ఇది కథలో మూడేళ్ల తరువాత చూస్తున్న పాత ఊరు. లావెండర్‌లో ఒకప్పుడు సమాధులు ఉన్న టవర్ ఇప్పుడు రేడియో స్టేషన్ అయింది. ఫుషియాలో సఫారీ జోన్ మూతపడింది. 1999లో వచ్చిన మొదటి గోల్డ్, సిల్వర్ ఆటల్లో చోటు లేక వదిలేసిన విరిడియన్ అడవి, సీఫోమ్ గుహలు, సెరులియన్ గుహ 2009లో వచ్చిన ఈ రీమేక్‌లో తిరిగి వచ్చాయి. మీరు మొదటి ఆటలు ఆడకపోయినా, ఊళ్లలో మనుషులతో మాట్లాడితే ఇక్కడ ఏదో జరిగి వెళ్లిపోయిందన్న భావన కలుగుతుంది. నాకు అన్నిటికంటే ప్రియమైన చోటు మౌంట్ మూన్ మధ్యలోని చిన్న మైదానం. సోమవారం రాత్రి అక్కడికి వెళితే క్లెఫేరీలు రాయి చుట్టూ నాట్యం చేస్తూ కనిపిస్తాయి. నేను వెళ్లిన రాత్రి నా వెనక ఆంఫరోస్ నడుస్తోంది, ఈ ఆటలో జట్టులో ముందున్న పోకెమాన్ మన వెంట నడుస్తుంది కదా. రెండడుగులు వేయగానే క్లెఫేరీలు మమ్మల్ని గమనించి చెదిరిపోయాయి, మైదానంలో మేమిద్దరమే మిగిలాము. అక్కడ గెలవడానికి ఏమీ లేదు, అయినా ఆ తరువాత నాలుగైదు సోమవారాలు వెళ్లాను.

పదహారు బ్యాడ్జీలు వచ్చాక ప్యాలెట్ టౌన్‌లో ప్రొఫెసర్ ఓక్‌ను కలిస్తే మౌంట్ సిల్వర్‌కు వెళ్లే అనుమతీ, రాతి గోడలు ఎక్కడానికి పనికొచ్చే రాక్ క్లైంబ్ కూడా ఇస్తారు. వెంటనే పైకి ఎక్కకండి. బ్లూ దగ్గరి పిడ్జియట్ 60వ లెవెల్, రెడ్ దగ్గర అన్నింటికంటే తక్కువది 80వ లెవెల్ లాప్రస్. ఈ రెండింటి మధ్య ఉన్న ఇరవై లెవెల్‌ల అగాధాన్ని ఆట మనకే వదిలేసింది. దీన్ని పూడ్చడానికి చాంపియన్ కంటే ముందు వరుసగా ఎదురయ్యే నలుగురితో, అంటే ఎలైట్ ఫోర్‌తో, మళ్లీ మళ్లీ ఆడమని అందరూ చెబుతారు, అది నిజమే, పదహారు బ్యాడ్జీల తరువాత వాళ్ల జట్లు కూడా బాగా బలపడతాయి కనుక అనుభవం ఎక్కువ వస్తుంది. అయితే దానికే అంటుకుపోతే మళ్లీ విసుగే మిగులుతుంది. జిమ్ నాయకుల ఫోన్ నంబర్లు సంపాదించండి. ఒక్కొక్కరూ ఒక్కో రోజు, ఒక్కో వేళ ఫోన్ చేస్తే సాఫ్రన్‌లోని ఫైటింగ్ డోజోకు వచ్చి పెద్ద జట్టుతో పోరాడతారు. ఒకరోజు ఎలైట్ ఫోర్, ఒకరోజు డోజో అని నేను పెట్టుకున్నాను. అదే సమయంలో మౌంట్ సిల్వర్ గుహ మొదటి భాగంలో ఒక లార్విటార్‌ను పట్టుకున్నాను, అది 55వ లెవెల్‌లో టైరానిటార్ అయింది. దాని అవసరం రెడ్ దగ్గర తెలిసింది.

ఆ పోరాటం గురించి కొంచెం వివరంగా చెబుతాను, ఎందుకంటే చాలామంది లెవెల్ మాత్రమే చూసుకుని వెళ్లి ఓడిపోతారు, నేనూ అలాగే ఓడాను. శిఖరం మీద వడగళ్లు పడుతూ ఉంటాయి. మంచు జాతి కాని ప్రతి పోకెమాన్‌కూ ప్రతి వంతులో కొంత ఆరోగ్యం తగ్గుతుంది, అంతకంటే ముఖ్యమైనది వడగళ్లలో బ్లిజార్డ్ అనే మంచు దాడి గురి ఎప్పుడూ తప్పదు. రెడ్ జట్టులో లాప్రస్, స్నోర్లాక్స్, బ్లాస్టాయిస్ మూడింటికీ బ్లిజార్డ్ ఉంది. మొదటిసారి నా టైఫ్లోజన్‌ను ముందు పెట్టాను. దాడి బలాన్ని పెంచే లైట్ బాల్ పట్టుకున్న పికాచు ఒక్క వోల్ట్ టాకిల్‌తో దాన్ని పడగొట్టింది. రెండోసారి ఆంఫరోస్‌ను పెట్టి పికాచును దాటాను, కానీ గురి తప్పని బ్లిజార్డ్‌లకు మిగతా జట్టు వరుసగా పడిపోయింది.

మూడోసారి టైరానిటార్‌ను తీసుకువెళ్లాను. అది బరిలో దిగగానే దాని సహజ గుణం వల్ల ఇసుక తుఫాను లేస్తుంది, వడగళ్లు ఆగిపోతాయి. అప్పటినుంచి బ్లిజార్డ్ కూడా అప్పుడప్పుడూ గురి తప్పడం మొదలైంది. చారిజార్డ్ ఎదుటికి దాన్నే పంపండి, రాతి దాడి ఒక్కటి సరిగ్గా తగిలితే చాలు. బ్లాస్టాయిస్ ఎదుట మాత్రం వెంటనే వెనక్కి పిలవండి, దాని ఫోకస్ బ్లాస్ట్ టైరానిటార్‌కు నాలుగు రెట్లు తగులుతుంది. బ్లాస్టాయిస్, వీనసార్, చారిజార్డ్ మూడింటి దగ్గరా ఒక్కో మహాదాడి ఉంది, అది తగిలిన తరువాతి వంతు అవి కదలలేవు. ఆ ఒక్క వంతును మందు వాడటానికో, పడిపోయినవారిని లేపడానికో దాచుకోండి. చివరికి నా వైపు సగం ఆరోగ్యంతో స్నోర్లాక్స్, అటువైపు కూడా స్నోర్లాక్సే మిగిలాయి. రెడ్‌ది గిగా ఇంపాక్ట్ అనే అలాంటి మహాదాడే వాడింది, నాది బతికింది, మరుసటి వంతు దానిది కదలలేదు. గెలిచాక రెడ్ ఒక్క మాట కూడా అనడు, మూడు చుక్కలు మాత్రమే కనిపిస్తాయి, తెర తెల్లబడి అతను మాయమవుతాడు. వెర్మిలియన్‌లో నిద్ర లేపిన పోకెమాన్‌తో ఆ పోరాటం ముగియడం నాకు ఈనాటికీ సంతోషాన్ని ఇచ్చే విషయం.

మిగిలినవాటి గురించి క్లుప్తంగా. సెరులియన్ గుహలోని 70వ లెవెల్ మ్యూటూ, మూడు అరుదైన పక్షి పోకెమాన్‌లు, హార్ట్‌గోల్డ్‌లో పోస్ట్‌గేమ్‌లోనే దొరికే లూగియా, ఇవన్నీ ఒకే చోట కదలకుండా ఎదురుచూస్తాయి కనుక తొందర లేదు. ప్రొఫెసర్ ఎల్మ్ ఇచ్చిన, పట్టుకోవడంలో ఎప్పుడూ విఫలం కాని మాస్టర్ బాల్‌ను వీటి మీద ఖర్చు చేయకండి; గుహల్లో డస్క్ బాల్‌లు, పోరాటం సాగేకొద్దీ టైమర్ బాల్‌లు బాగా పనిచేస్తాయి. కనిపించిన వెంటనే పారిపోయే రైకూ, ఎంటే, లాటియాస్‌లలో మీకు ఇష్టమైన ఒకదాని కోసం మాస్టర్ బాల్ దాచుకోండి. అన్ని పోకెమాన్‌ల జాబితా అయిన నేషనల్ డెక్స్‌లోని 493 నింపడాన్ని ఇప్పుడే లక్ష్యంగా పెట్టుకోవద్దని గట్టిగా చెబుతాను, మార్పిడి చేసుకోవడానికి తోడు లేకుండా అది సాగదు.

వరుస పోరాటాల కేంద్రమైన బాటిల్ ఫ్రాంటియర్‌కు వెళితే టవర్‌తో కాక ఫ్యాక్టరీతో మొదలుపెట్టండి. టవర్‌లో ప్రత్యేకంగా పెంచిన జట్టు లేకపోతే కొద్దిసేపట్లోనే ఆగిపోతారు, 21వ పోరులో టవర్ అధిపతి పామర్ ఎదురవుతాడు. ఫ్యాక్టరీలో అందరూ అద్దె పోకెమాన్‌లతోనే ఆడతారు, ఇచ్చిన ఆరింటిలోంచి మూడు ఎంచుకోవడమే నైపుణ్యం. మన పోకెమాన్‌లను పెంచకుండానే వందల దాడుల స్వభావం అక్కడ నేర్చుకోవచ్చు, నేను రెడ్ మీద గెలవడానికి అది చాలా ఉపయోగపడింది.

రెడ్‌ను ఓడించాక ఓక్ కాంటో ఆరంభ పోకెమాన్‌లలో ఒకటి ఇస్తారు, సాఫ్రన్‌లోని సిల్ఫ్ కంపెనీలో స్టీవెన్ అనే శిక్షకుడు హోయెన్ ప్రాంతపు ఆరంభ పోకెమాన్‌లలో ఒకటి ఇస్తాడు. నేను ఓక్ దగ్గర బల్బసార్‌ను తీసుకున్నాను, 5వ లెవెల్. మౌంట్ సిల్వర్ నుంచి దిగిన జట్టునంతా పెట్టెలో ఉంచి, దాన్ని ఒక్కదాన్నే వెంటబెట్టుకుని ప్యాలెట్ టౌన్ నుంచి ఉత్తరానికి నడిచాను. మీకు ఇప్పుడు ఖాళీగా అనిపిస్తున్న అదే గడ్డిలో, విరిడియన్ అడవిలోని పురుగు జాతి పోకెమాన్‌ల ఎదుట, అది రెండు సార్లు ఓడి మూడోసారి గెలిచింది.