వాగ్‌స్టాఫ్ జీవితం రాయబోతున్న మేనల్లుడికి

చిరంజీవి మేనల్లుడికి ఆశీస్సులు.

ఇంగ్లండు రగ్బీ ఆటగాడు హెరాల్డ్ వాగ్‌స్టాఫ్ జీవిత చరిత్ర తెలుగులో రాయాలని ఉన్నా ఎక్కడ మొదలుపెట్టాలో తోచడం లేదని నువ్వు రాసిన ఉత్తరం అందింది. క్రీడాకారుల జీవితాలు రాయడంలోనే నా వయసంతా గడిచింది కనుక, అనుభవం మీద తెలిసిన సంగతులు చెబుతాను.

కప్పులతో మొదలుపెట్టకు, కూలితో మొదలుపెట్టు. నువ్వు చదువుకుంటున్న హడర్స్‌ఫీల్డ్‌లోనే, రైల్వేస్టేషను దగ్గరి జార్జ్ హోటల్లో, 1895 ఆగస్టు 29న ఉత్తర ఇంగ్లండు క్లబ్బులు సమావేశమై, రగ్బీ యూనియన్ అనే పాత సంస్థ నుంచి విడిపోయి నార్తర్న్ యూనియన్ అనే కొత్త సంస్థను ఏర్పరచుకున్నాయి. మిల్లుల్లోనూ బొగ్గు గనుల్లోనూ పనిచేసే ఆటగాడు ఆట కోసం పని మానితే ఆ పూట కూలి పోయేది. ఆ నష్టానికి పరిహారంగా రోజుకు 6 షిల్లింగులు ఇవ్వవచ్చునా, కూడదా అన్నదే అసలు తగవు. 1898లో ఆటకు డబ్బు తీసుకోవడాన్ని బాహాటంగా అనుమతించినా, ఆటగాడికి వేరే పని ఉండి తీరాలన్న నిబంధన 1905 వరకు నడిచింది. ఇదంతా తెలిసిన పాఠకుడికే, 1906లో హోమ్‌ఫర్త్ నుంచి వచ్చి హడర్స్‌ఫీల్డ్ జట్టులో చేరిన 15 ఏళ్ల వాగ్‌స్టాఫ్ చేతిలో పడిన 5 బంగారు సవరన్ల (పౌండు నాణేల) విలువ అర్థమవుతుంది. ఆ ఏడాదే జట్టును 15 మంది నుంచి 13 మందికి తగ్గించారు. మైదానంలో జాగా పెరిగింది, వాగ్‌స్టాఫ్ వంటి సెంటర్ (వెనుక వరుస మధ్యలో ఆడే) ఆటగాడి చాకచక్యానికి తావు దొరికింది.

ఆనాటి ఆటను నేటి పేరుతో ‘రగ్బీ లీగ్’ అని రాయవద్దు. ఇంగ్లండులో సంస్థకు ఆ పేరు వచ్చింది 1922లో. మన పాఠకుడికి కబడ్డీ పట్టు తెలుసు కాబట్టి టాకిల్‌ను, అంటే బంతి పట్టుకున్నవాడిని పట్టి ఆపడాన్ని, రెండు వాక్యాల్లో చెప్పి ముందుకు సాగు. 1914–15లో అతని నాయకత్వంలో హడర్స్‌ఫీల్డ్ నాలుగు కప్పులూ గెలిచిన సంగతికి ఒక్క పేరా చాలు.

నువ్వు నిలిచి రాయవలసింది సిడ్నీ మ్యాచ్ గురించి. 1914 ఆస్ట్రేలియా పర్యటనలో వాగ్‌స్టాఫ్ నాయకత్వంలోని బ్రిటన్ జట్టు 8 రోజుల్లో మూడు టెస్టులు ఆడవలసి వచ్చింది. జూలై 4న జరిగిన మూడో టెస్టులో గాయపడినవారి స్థానంలో మరొకరిని దింపే వీలు ఆనాటి నిబంధనల్లో లేదు. ఒకరి తరువాత ఒకరు మైదానం విడిచిపోగా ఒక దశలో బ్రిటన్ జట్టులో 10 మందే మిగిలారు. మైదానం అంచున, వింగ్‌లో నిలబడవలసి వచ్చిన చిక్ జాన్సన్ అనే ఫార్వర్డ్ (ముందు వరుసల ఆటగాడు) బంతిని కాలితో తోసుకుంటూ వెళ్లి, ప్రత్యర్థి గీత దాటించి నేలకు ఆనించి ట్రై సాధించాడు. బ్రిటన్ 14–6తో గెలిచిన ఆ ఆటకు, దక్షిణాఫ్రికాలో కొద్దిమంది బ్రిటిష్ సైనికులు పెద్ద జులూ సేనను నిలువరించిన 1879 నాటి యుద్ధఘట్టాన్ని తలచుకుని ‘రోర్క్స్ డ్రిఫ్ట్ టెస్టు’ అని పేరు పెట్టారు. ఇక్కడ ‘వీరోచితం’ వంటి మాట ఒక్కటి కూడా వాడకు. ఎవరు ఎప్పుడు బయటకు వెళ్లారో, మిగిలినవారు ఎక్కడ నిలబడ్డారో వరుసగా చెబితే పాఠకుడి గుండె దానంతట అదే కొట్టుకుంటుంది.

వాగ్‌స్టాఫ్ జ్ఞాపకాలు ఎన్నో ఏళ్ల తరువాత పత్రికలో వచ్చాయి. వాటిని గౌరవంతో చదువు, కాని ప్రతి స్కోరునూ ఆ వారపు పత్రికతో సరిచూసుకో. ఒకసారి నేను ఒక వృద్ధ క్రీడాకారుడి మాటనే నమ్మి, ఆయన ఆడని మ్యాచ్‌లో ఆయన గెలిపించినట్టు రాశాను. అచ్చయిన ఆ తప్పు నన్ను ఇప్పటికీ బాధిస్తుంది.

అతను ఆట మానిన 1925 దగ్గర పుస్తకం ముగించవద్దని మరీ మరీ చెబుతున్నాను. ఆ తరువాత అతను పబ్బు నడిపాడు, 1939లో 48 ఏళ్లకే కన్నుమూశాడు. ఆటతోనే డబ్బు సంపాదించిన తొలితరం మనిషి, ఆట లేని ఆ 14 ఏళ్లు ఏ ఆదాయంతో బతికాడన్నది మొదటి అధ్యాయంలోని 6 షిల్లింగులకు కొనసాగింపు. అక్కడి గ్రంథాలయంలో పాత స్థానిక పత్రికలు దొరుకుతాయేమో ముందుగా ఆ ఏళ్ల కోసమే వెతుకు. దొరికినవి నాకు పంపు, కలిసి చదువుదాం.

ఇట్లు,
మీ మామయ్య