యాకోబు, జేమ్స్ ఒక్కరేనా?

సందేహం: ఇంగ్లీషు బైబిల్లో 'జేమ్స్' రాసిన పత్రిక తెలుగులో 'యాకోబు పత్రిక' ఎలా అయింది? ఇది అనువాదకుల పొరపాటా? మరొకటి. 'థియోడోర్' అంటే దేవుడిచ్చినవాడు అని చదివాను. నేను తెలుగు చేస్తున్న ఒక కథలో ఆ పేరును 'దేవదత్తుడు' అని రాయవచ్చా?

సమాధానం: పొరపాటు తెలుగువారిది కాదు. మూలానికి దగ్గరగా ఉన్నవాడు యాకోబే. దారిలో వేషం మార్చుకుని వచ్చినవాడు జేమ్స్.

హీబ్రూలో ఆ పేరు 'యఅకోబ్'. మడమ అనే మాటతో దానికి చుట్టరికం. కవలల్లో రెండోవాడు అన్న మడమ పట్టుకుని పుట్టాడని ఆదికాండంలో కథ. ఆ పేరు గ్రీకులో 'ఇయాకోబోస్', లాటిన్‌లో 'ఇయాకోబుస్' అయింది. తరువాతి లాటిన్ వాడుకలో బకారం మకారమై 'ఇయాకోముస్' అనే మరో రూపం పుట్టింది. రెండూ పెదవులతో పలికే పవర్గాక్షరాలే కనుక ఈ మార్పులో వింత లేదు. మకారపు రూపం పాత ఫ్రెంచి మీదుగా ఇంగ్లీషుకు చేరి జేమ్స్ అయింది, బకారం నిలిచిన రూపం జేకబ్ అయింది. ఇంగ్లీషువారు పాత నిబంధనలోని మూలపురుషుడికి జేకబ్‌ను, కొత్త నిబంధనలోని వారికి జేమ్స్‌ను కేటాయించారు. తెలుగు బైబిలు అందరినీ యాకోబులుగానే ఉంచింది. ఇంగ్లీషు కూడా ఈ బంధుత్వాన్ని పూర్తిగా మరిచిపోలేదు. 1688 విప్లవంలో సింహాసనం పోగొట్టుకున్న ఇంగ్లండు రాజు రెండో జేమ్స్ పక్షం వారిని 'జాకొబైట్లు' అన్నారు, 'జేమ్సైట్లు' అనలేదు.

మరి యకారం జకారం ఎందుకైంది? మన ఇంట్లోనే చూడండి. యోగి జోగి అయ్యాడు, యాత్ర జాతర అయింది, యముడు జముడయ్యాడు. ప్రాకృతంలో పదాదిని జరిగిన ఈ మార్పే లాటిన్ నుంచి ఫ్రెంచికి వచ్చేటప్పుడూ జరిగింది. ఒకరిని చూసి ఒకరు నేర్చుకున్నది కాదు, నాలుక నడిచే దారి అది. అందుకే మనకు యోసేపు, యోహాను. ఇంగ్లీషుకు జోసెఫ్, జాన్. అరబీ 'యూసుఫ్' కూడా యకారాన్ని వదల్లేదు.

ఇక థియోడోర్. గ్రీకులో 'థియోస్' దేవుడు, 'దోరోన్' కానుక. దేవుడిచ్చిన బిడ్డ అనే భావం ఎన్ని భాషల్లో పేరైందో లెక్కలేదు. హీబ్రూలో నతనయేలు, పారశీకంలో ఖుదాదాద్, స్లావ్ భాషల్లో బొగ్దాన్. వీటిలో దోరోన్, దాద్, దాన్, మన దత్త, దానం, దాత అన్నీ ఒకే ధాతువు సంతానం. బొగ్దాన్‌లోని 'బోగ్' మన 'భగ' శబ్దానికి జ్ఞాతి. అయితే ఒక హెచ్చరిక. థియోస్‌నూ దేవుణ్ణీ ఒకటిగా చూపించేవారు చాలామంది ఉన్నారు. వినడానికి బాగుంటుంది కానీ తప్పు. 'దేవ' శబ్దానికి నిజమైన చుట్టాలు లాటిన్ 'దేయుస్', గ్రీకు 'జ్యూస్'. థియోస్‌ది వేరే వంశం. చెవికి దగ్గరగా వినబడినవన్నీ చుట్టాలైతే వ్యుత్పత్తి శాస్త్రంతో పనే లేదు.

పిల్లల పేర్ల జాబితాల మీద నాకు గురి లేనిది ఇందుకే. వాటిలో ప్రతి పేరుకూ వెలుగో విజయమో అర్థంగా ఉంటుంది. పేరుకు అర్థం చెప్పాలంటే ముందు అది ఏ భాషలో పుట్టిందో అడగాలి. సికందర్ అనే పేరుకు పారశీకంలో అర్థం వెతికితే ఏం దొరుకుతుంది? అది గ్రీకు 'అలెగ్జాండ్రోస్', అంటే మనుషులను కాపాడేవాడు. మొదట్లోని 'అల్'ను అరబ్బులు తమ భాషలో పేర్ల ముందు వచ్చే 'అల్' అనుకుని విడదీశారు, మిగిలింది ఇస్కందర్. జపాను పేరు 'అకిరా'కు అర్థం చెప్పాలంటే ఏ లిపి సంకేతంతో రాశారో కూడా చూడాలి.

ఇంతకీ దేవదత్తుడని రాయవచ్చా? వద్దు. శబ్దాలు నాలుగు రకాలని పాణిని వ్యాకరణానికి పతంజలి రాసిన వ్యాఖ్య 'మహాభాష్యం' చెబుతుంది: జాతి, గుణ, క్రియా, యదృచ్ఛా శబ్దాలు. చివరివి కేవలం పెట్టుకోవడం వల్ల చెల్లే పేర్లు. వ్యాకర్తలు వీటికి 'డిత్థుడు' అని ఉదాహరణ ఇస్తారు, ఆ మాటలో వెతకడానికి ఏ అర్థమూ లేదు. వ్యుత్పత్తి ఉన్న పేరు కూడా మనిషికి పెట్టాక దాదాపు ఆ పనే చేస్తుంది. యోగార్థం, అంటే వ్యుత్పత్తి చెప్పే అర్థం, వెనక్కి పోయి రూఢి, అంటే వాడుక, మిగులుతుంది. థియోడోర్ అని పిలిచినప్పుడు ఆ మనిషి తిరిగి చూస్తాడు, అంతే. పైగా దేవదత్తుడనగానే తెలుగు పాఠకుడికి బుద్ధుడి దాయాది గుర్తుకొస్తాడు, దేవదత్తమంటే అర్జునుడి శంఖం. మీ కథలోకి వీళ్లందరూ పిలవకుండానే వస్తారు. ఘనాలోని అకాన్ ప్రజల్లో 'కోఫీ' అంటే శుక్రవారం పుట్టిన మగబిడ్డ. ఐక్యరాజ్యసమితి ప్రధాన కార్యదర్శిగా పనిచేసిన కోఫీ అన్నన్‌ను శుక్రవారం అన్నన్ అనం కదా!

పేరును అనువదించిన సందర్భాలు లేకపోలేదు. అరమాయిక్‌లో 'కేఫా' అంటే రాయి, దాన్ని గ్రీకులో 'పెత్రోస్' అని మార్చారు. మన పేతురు అదే. కానీ తెలుగు బైబిలు అనువాదకులు మళ్లీ ఒక మెట్టు ముందుకు వెళ్లి రాతయ్యను చేయలేదు, బతికించారు. మీ కథలో పేరు అర్థంతో రచయిత చమత్కారం చేసి ఉంటే, అక్కడ ఒక పాత్ర నోటనో కథనంలోనో ఒకసారి అర్థం చెప్పించండి, చాలు.

రాతలో వచ్చే చిక్కు ఒకటుంది. పాత అనువాదకులు తెలుగు అజంత భాష (మాటలు అచ్చుతో ముగిసే భాష) అని యాకోబు, పౌలు, పేతురు అంటూ చివర ఉకారం చేర్చారు. నేడు పొల్లుతో 'థియోడోర్' అని రాయడమే ఎక్కువ. రెండూ ఒప్పే. అయితే మొదటి పేజీలో 'థియోడోర్‌కు', పదో పేజీలో 'థియోడోరుకు' అని మాత్రం రాయకండి.